కోర్టు ఉత్తర్వును ఇంటి దీపమును

కరెంటు తీగయు కొళాయి గొట్టమును మన తాతల కాలమున పల్లెలలో లేవు. అవి వచ్చిన పిదప వానితోకూడ తగవులును వచ్చినవి. బిల్లు బాకీ యని యొకచోట, దాయాదుల పోరని యొకచోట, అద్దెకున్నవానిని వెడలగొట్టవలెనని మరియొకచోట కనెక్షను తీసివేయుట కలదు. బాధపడినవాడు కోర్టుకుపోయి ఉత్తర్వు తెచ్చుకొనును. ఉత్తర్వు చేతికి వచ్చియు దీపము వెలుగనిచో వానికి దిక్కేమి? ఇది తెలియుటకు రెండు చట్టముల చరిత్రను చూడవలెను.

మొదటిది విద్యుచ్ఛక్తి చట్టము. బాకీదారునకు 7 పూర్తి దినముల వ్రాతమూలకమైన నోటీసు నిచ్చిన పిమ్మటనే సరఫరా నిలుపవలెనని 1910 నాటి చట్టము విధించెను. 2003 నాటి చట్టము ఆ గడువును 15 దినములకు పెంచినది. బాకీయని యడిగిన మొత్తముగాని, గడచిన 6 నెలల సరాసరినిబట్టి లెక్కించిన మొత్తముగాని, ఏది తక్కువైన దానిని ఆక్షేపణతో చెల్లించినవానికి తగవు తేలువరకు సరఫరా నిలుపరాదు. ఇంటి యజమాని సమ్మతిపత్ర మియ్యలేదను కారణముచే అద్దెకున్నవానికి కరెంటు నిరాకరింపరాదని సుప్రీంకోర్టు 2022లో చెప్పినది. ఒకప్పుడు వేడుకగా నుండినది నేడు ఇంటి కనీసావసరమైనది.

రెండవది కోర్టు ధిక్కార చట్టము. 1862లో ఏర్పడిన మద్రాసు హైకోర్టునకు తన్ను ధిక్కరించినవారిని దండించు నధికారము మొదటినుండియు కలదు. క్రింది కోర్టులను ధిక్కరించినవారిని హైకోర్టు దండింపగలదా యను సందేహమును 1926 నాటి చట్టము తీర్చెను; 6 నెలల ఖైదు, 2,000 రూపాయల జుల్మానా యని శిక్షకు హద్దు పెట్టెను. ధిక్కార మనగా నేమో మాత్రము చెప్పలేదు. 1952లో వచ్చిన చట్టమును చెప్పలేదు. 1971 నాటి చట్టమే దానిని తొలిసారి నిర్వచించినది: కోర్టు ఉత్తర్వును బుద్ధిపూర్వకముగా మీరుటయు, కోర్టునకిచ్చిన మాటను బుద్ధిపూర్వకముగా తప్పుటయు సివిలు ధిక్కారము. శిక్షకు హద్దు నేటికిని 1926 నాటిదే.

ఇందు ‘బుద్ధిపూర్వకముగా’ అను మాటయే ప్రాణము. గాలివానకు స్తంభము కూలి ఆలస్యమైనచో ధిక్కారము కాదు. ఉత్తర్వు సంగతియే తెలియని లైనుమానును దోషి యనరాదు. తెలిసియు, సాధనములుండియు, రేపు మాపని త్రిప్పెడివాడు దోషి. ఉత్తర్వు తప్పని తోచినను, పై కోర్టు దానిని నిలుపువరకు పాటింపవలసినదే. ఈ కట్టుబాటు ఇంటివానికిని కలదు. బాకీని వాయిదాలలో చెల్లింతునని కోర్టునకు మాటయిచ్చి, శక్తియుండియు చెల్లింపనివాడు తానే ధిక్కారి యగును. ఇరుపక్షములను ఒకే త్రాసులో తూచుటయే ఈ చట్టమున నాకు మిక్కిలి నచ్చిన గుణము.

కావున ఉత్తర్వు రాగానే దాని నకలును సంబంధించిన యధికారికి అందజేసి రసీదు పుచ్చుకొనవలెను. తెలియదను సాకు దానితో పోవును. మునసబు కోర్టు ఇంజంక్షనును మీరినచో ఆ కోర్టునందే అర్జీ పెట్టవచ్చును. మీరినవాని ఆస్తిని జప్తుచేయుటకును, వానిని 3 నెలలవరకు సివిలు ఖైదులో నుంచుటకును ఆ కోర్టునకు అధికారము కలదు. హైకోర్టు ఉత్తర్వును మీరినచో ధిక్కారపు అర్జీని ఏడాదిలోపల ఆ కోర్టునందే పెట్టవలెను.

గ్రామపెద్దలకు నా మనవి యొక్కటే. ఇట్టి తగవుతో వచ్చిన మనిషి కోపములో నుండును. “ఉత్తర్వున్నది గదా, తీగను నీవే తగిలించుకొనుము” అని చెప్పువారు వానికి పలువురు దొరకుదురు. ఆ మాట వినినచో ప్రాణమునకు ముప్పు. ప్రాణము దక్కినను, నిలిపిన కనెక్షనును అనుమతిలేక తగిలించుకొనుట 2003 నాటి చట్టముక్రింద నేరము. న్యాయము తనపక్షమున నున్నవాడు ఒక్క రాత్రిలో ముద్దాయి యగును. వానిని స్తంభమువైపు పోనీయక, రసీదుతో కోర్టువైపు నడిపించుడు.