ద్వేషవాక్కు - శాసనము

నోరు మంచిదైన ఊరు మంచిదగునని తెలుగువారి సామెత. నోరు చెడినప్పుడు ఊరిని కాపాడు భారమెవరిది? ఆ భారమును శాసనము ఎట్లు వహించెనో, ఎచ్చట తడబడెనో తెలిసికొనుటకు లాహోరులో జరిగిన ఒక ఉదంతము చాలును.

1860లో వెలువడి, 1862 జనవరి 1 నుండి అమలునకు వచ్చిన భారత శిక్షాస్మృతిలో మతసంబంధమైన నేరములకు ప్రత్యేకాధ్యాయము కలదు. ఒకని మతభావములను గాయపరచు తలంపుతో అతడు వినునట్లు పలుకుట అందు నేరము. ఎదుట నిలిచి పలికిన మాటకే అది వర్తించెను. అచ్చై ఊరూర తిరుగు మాట దానికి అందలేదు. 1898లో 153-ఏ సెక్షను చేరి, మాటచేతగాని వ్రాతచేతగాని ప్రజావర్గముల నడుమ ద్వేషమును పెంచుట నేరమాయెను.

1924లో ఇస్లాము ప్రవక్తను కించపరచు చిన్న పుస్తకమొకటి రచయిత పేరు లేకుండ లాహోరున వెలువడెను. ప్రచురణకర్త రాజపాల్‌పై 153-ఏ క్రింద అభియోగము నడువగా, క్రింది న్యాయస్థానము శిక్ష విధించెను. 1927లో హైకోర్టు న్యాయమూర్తి దలీప్ సింగ్ ఆ రచనలోని దురుద్దేశమును గుర్తించియు, గతించిన మతప్రవక్తను నిందించుట వేరు, జీవించియున్న వర్గముపై ద్వేషము రేపుట వేరు అని భావించి, రాజపాల్‌ను విడుదల చేసెను. పంజాబున అలజడి చెలరేగెను. కొలది నెలలకే మరియొక వ్యాజ్యమున అదే హైకోర్టు ధర్మాసనము అట్టి నిందకు 153-ఏ వర్తించునని తీర్పు చెప్పెను. సెక్షను ఒకటి, అర్థములు రెండు.

ఈ సందిగ్ధమును తొలగించుటకు కేంద్ర శాసనసభ ఆ సంవత్సరమే 295-ఏ సెక్షనును చేర్చి, ఒక వర్గముయొక్క మతమును అవమానించుటను నేరముగా చేసెను. కాని చరిత్ర పరిశోధకుడు, సంఘసంస్కర్త, నిష్కపటుడైన విమర్శకుడు సైతము చెరసాల పాలగుదురేమో యను భయము సభలో పొడసూపెను. అట్టివారికి రక్షణ ఉండవలెనని మహమ్మదాలీ జిన్నా వాదించెను. అవమానము బుద్ధిపూర్వకమును, దురుద్దేశపూరితమును అయిననే శిక్ష యను నియమము సెక్షనున నిలిచెను. శాసనమంతకును కీలకము ఈ రెండు విశేషణములే.

శాసనము వచ్చినను రాజపాల్ ప్రాణము దక్కలేదు. 1929 ఏప్రిల్‌లో అతడు కత్తిపోట్లకు బలియాయెను. చంపిన యువకుడు ఆ సంవత్సరమే ఉరికంబమెక్కెను. విడుదల చేసిన తీర్పుగాని, నూతన శాసనముగాని ఆ కత్తిని ఆపజాలలేదు.

స్వతంత్ర భారతమున వాక్స్వాతంత్ర్యము ప్రాథమిక హక్కాయెను. 1951లో రాజ్యాంగమునకు జరిగిన మొదటి సవరణ ప్రజాశాంతి కొరకు దానిపై సమంజసమైన పరిమితులకు చోటిచ్చెను. 1957లో రాంజీలాల్ మోదీ వ్యాజ్యమున సుప్రీంకోర్టు 295-ఏ చెల్లునని నిర్ణయించుచు, అనాలోచితముగ నోరుజారిన అవమానము దాని పరిధిలోనికి రాదని స్పష్టపరచెను. 1961లో 153-ఏ సెక్షనున మతముతోపాటు జాతి, భాష, కులము చేరినవి. 1969లో జన్మస్థలము, నివాసము చేరినవి. 1997లో హైదరాబాదునకు సంబంధించిన వ్యాజ్యమున సుప్రీంకోర్టు, ద్వేషము రేపు ఉద్దేశము రుజువు కావలెననియు, రెండు వర్గముల ప్రసక్తి ఉండవలెననియు పలికెను. 2024 జూలై 1 నుండి అమలునకు వచ్చిన భారతీయ న్యాయ సంహితలో ఈ నియమములు 196, 299 సెక్షనులుగా నిలిచినవి. అందును ‘ద్వేషవాక్కు’ అను పదమునకు ప్రత్యేక నిర్వచనము చేర్చబడలేదు. పలికినవాని ఉద్దేశమే కొలబద్ద.

శాసనము పలికిన పిదప విచారించును. పలుకుటకు ముందు విచారించునది మనస్సు. పలు భాషలవారు ఒకే కార్యాలయమున పనిచేసి, ఒకే వీథిలో కాపురముండు చోట పొరుగువాని భాషను, ఊరిని, కులమును గూర్చిన ఎత్తిపొడుపు వినోదముగనే మొదలగును. అది ద్వేషముగ ముదురకమునుపే ఆపగలవాడు న్యాయమూర్తి కాడు, పలుకబోవువాడే.