చప్పుడు లేని దెబ్బ

ఇటలీలో 16వ శతాబ్దం నుంచి ఊరూరా ఆడిన కొమ్మెడియా దెల్లార్తే నాటకాల్లో అర్లెకీనో అనే కొంటె సేవకుడుండేవాడు. వాడి చేతిలో రెండు చెక్క బద్దలు జోడించిన కర్ర. వీపు మీద తగిలిస్తే బద్ద మీద బద్ద పడి ఫెళ్లుమనేది. నొప్పి తక్కువ, మోత ఎక్కువ. దెబ్బలతో నవ్వించే స్లాప్‌స్టిక్ హాస్యానికి ఆ పేరు తెచ్చింది ఇలాంటి కర్రే. మూకీ సినిమాకు లేనిదల్లా ఆ మోతే.

1895 డిసెంబరు 28న పారిస్ గ్రాండ్ కెఫేలో లూమియేర్ సోదరులు టికెట్టు పెట్టి చూపిన చిత్రాల్లో ఒకటి నిమిషం కూడా ఉండదు. తోటమాలి నీళ్లు పడుతుంటే వెనకనుంచి ఒక కుర్రాడొచ్చి గొట్టం తొక్కుతాడు. నీళ్లెందుకు ఆగాయా అని మాలి గొట్టంలోకి తొంగిచూడగానే కాలు తీసేస్తాడు. మొహమంతా నీళ్లు! పత్రికల బొమ్మల కథల్లో అప్పటికే నలిగిన జోకే అది. చివర్లో కుర్రాడికి పడే దెబ్బలు వినబడవు, వినబడనక్కర్లేదు కూడా. జరగబోయేది మాలికన్నా ముందే మనకు తెలియడంలోనే నవ్వంతా ఉంది.

మోతకు బదులు పరుగును పెట్టింది ఫ్రాన్స్‌లోని పాథే కంపెనీ. 1907లో తీసిన ఒక చిత్రంలో మాంసం ఎత్తుకుపోయిన కుక్కను పోలీసులు తరుముతారు, చివరికి కుక్కే వాళ్లను తరుముతుంది. అమెరికాలోని బయోగ్రాఫ్ కంపెనీలో దర్శకుడు గ్రిఫిత్ దగ్గర పని నేర్చిన మాక్ సెనెట్ 1912లో కీస్టోన్ కంపెనీ మొదలుపెట్టి, ఆ పరుగును అక్కడ పరాకాష్ఠకు చేర్చాడు. తాను అనుకరించింది ఫ్రెంచివాళ్లనేనని తర్వాత ఒప్పుకున్నాడు కూడా. చిత్రీకరణలో కెమెరా పిడి నెమ్మదిగా తిప్పితే చాలు, తెరమీద కీస్టోన్ చిత్రాల్లోని పోలీసులు కాలు నిలవకుండా ఉరికేవారు. విసిరిన ‘కస్టర్డ్ పై’ అనే మిఠాయి మొహాన అంటుకుంటే దెబ్బ ఎక్కడ తగిలిందో చెవికి చెప్పే పనే లేదు.

1914లో కీస్టోన్ తెరమీదికి వచ్చిన చాప్లిన్ ఈ ఉరుకులకు కళ్లెం వేశాడు. పడడంకన్నా, పడ్డాక ఏమీ జరగనట్టు టోపీ సర్దుకోవడంలో నవ్వు ఎక్కువని చూపించాడు.

1920లో హాస్యనటుడు బస్టర్ కీటన్ ‘వన్ వీక్’ అనే రెండు రీళ్ల చిత్రం తీశాడు. కొత్త దంపతుల ఇల్లు రైలు పట్టాల మీద ఇరుక్కుంటుంది. రైలొస్తుంది. ఇద్దరూ కళ్లు మూసుకుంటారు. అది పక్క పట్టా మీద వెళ్లిపోతుంది. హమ్మయ్య అనుకునేలోగా ఎదురుదిక్కునుంచి ఇంకో రైలొచ్చి ఇంటిని తుక్కు చేస్తుంది. పాతికేళ్లపాటు అన్నీ ముందే తెలిసి నవ్విన ప్రేక్షకుణ్ణి కీటన్ ఈసారి తోటమాలిని చేశాడు.