ఒక వీధి వేరే దేశమైతే?

సినిమా చూసి వచ్చాక హీరో గురించి మాట్లాడుకుంటాం, దర్శకుణ్ణి మెచ్చుకుంటాం. కథ రాసినవారి పేరు మాత్రం చాలామందికి గుర్తుండదు. అలా మరుగున ఉండిపోయిన ఒక ఇంగ్లీషు సినీ రచయితను ఈ రోజు మీకు పరిచయం చేస్తాను. ఆయన పేరు టి.ఇ.బి. క్లార్క్.

1907లో పుట్టిన క్లార్క్ మొదట పత్రికా రచయిత. రెండో ప్రపంచ యుద్ధకాలంలో రిజర్వు పోలీసుగా పనిచేసి, ఆ తరువాత లండన్‌లోని ఈలింగ్ స్టూడియోలో రచయితగా చేరారు.

ఆ యుద్ధంలోనే నెదర్లాండ్స్ యువరాణి జులియానా కెనడాలో తలదాచుకున్నారు. 1943లో ఆమెకు కాన్పు వచ్చినప్పుడు, పుట్టే బిడ్డ పరాయి దేశపు పౌరురాలు కాకూడదని, ఆసుపత్రిలో ఆమె ఉన్న భాగం తమ నేల కాదని కెనడా ప్రభుత్వం ప్రకటించింది. క్లార్క్‌కు కథ దొరికింది. అదే 1949లో హెన్రీ కార్నీలియస్ దర్శకత్వంలో వచ్చిన 'పాస్‌పోర్ట్ టు పిమ్లికో'.

లండన్‌లో ఒక పేట. యుద్ధంనాటి బాంబు ఆలస్యంగా పేలి, నేలలోంచి నిధి, దానితోపాటు ఒక పాత రాజపత్రం బయటపడతాయి. ఆ పత్రం ప్రకారం ఆ పేట బర్గండీ రాజ్యానిది! తిండికీ బట్టకూ రేషను నడుస్తున్న రోజులవి. జనం రేషను పుస్తకాలు చింపేస్తారు. ప్రభుత్వం ముళ్లకంచె వేసి, నీళ్లు ఆపుతుంది. వీళ్లు ఊరుకుంటారా? భూగర్భ రైలును ఆపి ప్రయాణికులను పాస్‌పోర్టులు అడుగుతారు. చివరికి లోపలివారు ఆకలితో ఉన్నారని తెలిసి, కంచె బయటి లండన్ జనం ఆహారం విసురుతారు.

క్లార్క్ మనుషులు చట్టాన్ని ధిక్కరించరు. దాన్ని అక్షరాలా పాటిస్తారు. నవ్వంతా అక్కడే పుడుతుంది.

బ్యాంకు గుమస్తా బంగారాన్ని దొంగిలించే 'ది లావెండర్ హిల్ మాబ్' 1951లో వచ్చింది. దాని రచనకు ఆయనకు ఆస్కార్ దక్కింది. మూసేయబోయే రైలుమార్గాన్ని గ్రామస్తులే నడుపుకునే 'ది టిట్‌ఫీల్డ్ థండర్‌బోల్ట్' 1953 నాటిది. 1989లో ఆయన కన్నుమూశారు.

గీత ఇవతల మన ఇల్లు, గీత అవతల వియ్యాలవారు. ఇది మనకు కొత్తేమీ కాదు. కాగితం మీద గీత గీయవచ్చు. ఇరుగుపొరుగు పెట్టే అన్నం ముద్దను ఆ గీత ఆపలేదని క్లార్క్ నవ్విస్తూనే చెప్పారు. వీలైతే ఆ సినిమా చూడండి. రచయిత పేరు వచ్చేదాకా ఆగండి. సెలవు.