బొబ్బర్ల పుట్టిల్లు

ఘనాలో ఉంటున్నానని చెప్పగానే మన ఊళ్లో వాళ్లు అడిగే మొదటి మాట, "అక్కడ తినడానికేం దొరుకుతుంది?" అని. ఆ అడగడంలో కొంత జాలి కలిసి ఉంటుంది. ఆఫ్రికా అంటే మనకు కరువు ఫొటోలే ముందు గుర్తొస్తాయి మరి. వాళ్లకు జవాబుగా ఒక పళ్లెం సంగతి చెబుతాను. దాని పేరు రెడ్ రెడ్. ఎర్రని పామాయిల్‌లో మగ్గిన బొబ్బర్ల ఇగురు, పక్కన ఎర్రగా వేగిన అరటిపండు ముక్కలు. అక్రాలో మధ్యాహ్నమైతే చాలు, పెద్ద హోటళ్ల నుంచి చెట్టు కింద బల్ల వేసుకుని అమ్మే ఆడవాళ్ల దాకా అందరి దగ్గరా ఉంటుంది. ఈ దేశం ఎలా నడిచి వచ్చిందో ఆ పళ్లెం పట్టుకుని చెప్పొచ్చు.

బొబ్బర్లతో మొదలుపెడతాను. కొన్ని ప్రాంతాల్లో వీటినే అలసందలంటాం. గుగ్గిళ్లు చేసి నైవేద్యం పెడతాం, నానబెట్టి రుబ్బి వడలు వేస్తాం. తాతల నాటి నుంచీ తింటున్నాం కాబట్టి మనవే అనుకుంటాం. కానీ ఈ గింజను అడవి తీగ నుంచి పంటగా మలిచింది ఆఫ్రికా రైతులు. మధ్య ఘనాలోని కింటాంపో పేరుతో పిలిచే ప్రాచీన సంస్కృతి ఒకటుంది. ఆ మనుషులు మసలిన చోట్ల తవ్వితే మాడిన బొబ్బర గింజలు బయటపడ్డాయి. మూడున్నర వేల ఏళ్లనాటివి అవి. ఈ పంటకు దొరికిన అతి పాత ఆనవాళ్లలో వాటికి చోటుంది. బొబ్బర్లొక్కటే కాదు, మన జొన్న, సజ్జ, రాగి కూడా ఈ ఖండంలో పుట్టి, వేల ఏళ్ల కిందటే మన వైపు వచ్చినవే. జొన్నరొట్టె, రాగిసంగటి తిని పెరిగిన మనం ఆఫ్రికా తిండి గురించి జాలిపడడం నాకు బాధ కలిగిస్తుంది. మన మెట్టపొలాలు ఎవరికి రుణపడ్డాయో మన పిల్లలకు బళ్లోనే చెప్పాలి.

అరటి ప్రయాణం దీనికి ఎదురు దిక్కున సాగింది. ఆసియాలో పుట్టి, ఎప్పుడో ప్రాచీనకాలంలో ఆఫ్రికా చేరింది. ఇక్కడి వాన అడవుల్లో నిలదొక్కుకుంది. వండుకు తినే ఈ పెద్ద అరటిని ప్లాంటెయిన్ అంటారు, మన కూర అరటి కన్నా బాగా పొడుగు.

ఆ తర్వాత ఓడలొచ్చాయి. పోర్చుగీసువాళ్లు బంగారం కోసం వచ్చి 1482లో ఈ తీరంలోని ఎల్మినా దగ్గర కోట కట్టారు. టమాటా, మిరప, కర్రపెండలం అమెరికా ఖండం నుంచి అట్లాంటిక్ దాటి వచ్చినవి. పళ్లెంలో పైన చల్లే గారీ అనే రవ్వ ఆ కర్రపెండలాన్ని తురిమి, పులియబెట్టి, నీరు పిండి, పొడిగా వేయించి చేసేదే. ఆ సముద్రం మీదే ఎదురు దారిలో మనుషుల్ని గొలుసులు వేసి తీసుకుపోయారు. కేప్ కోస్ట్ కోటలో బందీలను కుక్కిన నేలమాళిగలు ఇప్పటికీ ఉన్నాయి. లోపల గాలి ఆడదు. అక్కడికి వెళ్లొచ్చిన రోజు ఎవరితోనూ మాట్లాడలేకపోయాను.

1807లో బ్రిటన్ బానిసల వ్యాపారాన్ని నిషేధించింది. అప్పుడు తీరం వెంట వర్తకులు అడగడం మొదలుపెట్టింది పామాయిల్‌ని. ఇంగ్లండులో సబ్బులకూ, కొవ్వొత్తులకూ, ఫ్యాక్టరీ యంత్రాల కందెనకూ అది కావలసి వచ్చింది. ఇక్కడి ఆడవాళ్లు గెలలు ఉడికించి, దంచి తీసే వంటనూనె అలా ప్రపంచ సరుకైంది. ఏలూరు వైపు మన రైతులు పెంచుతున్న ఆయిల్‌పామ్ తోటలకు మూలం కూడా పశ్చిమాఫ్రికా చెట్టే. మనకు శుద్ధి చేశాక రంగు పోయిన నూనె వస్తుంది, ఇక్కడ పచ్చి ఎరుపుతోనే వాడతారు.

అరటి ఇక్కడ ఇంత విరివిగా దొరకడం వెనక కోకో ఉంది. 1879లో టెటె క్వార్షీ అనే కమ్మరి ఫెర్నాండో పో దీవి నుంచి కోకో గింజలు తెచ్చి మాంపోంగ్‌లో నాటాడు. 1911 కల్లా ఈ దేశం ప్రపంచంలోనే ఎక్కువ కోకో పండించేదైంది. లేత కోకో మొక్కకు నీడ కావాలి, అందుకని రైతు ముందుగా అరటి నాటుతాడు. కోకో కాపుకొచ్చే దాకా కొన్నేళ్లు ఆ గెలలే ఇంటిల్లిపాదికీ తిండి, మిగిలినవి సంతకు. 1957 మార్చి 6న ఎన్‌క్రూమా నాయకత్వంలో బ్రిటన్ నుంచి స్వాతంత్ర్యం వచ్చినప్పుడు ఖజానాకు పెద్ద ఆధారం కోకోనే. ధర పడిపోయాక కష్టాలు మొదలయ్యాయి. 1966లో సైన్యం ఆయన్ని దించేసింది.

సరుకులు దొరకని రోజుల్లో నింద పడింది సంతలో ఆడవాళ్ల మీద. దాచిపెట్టి ధరలు పెంచుతున్నారంటూ 1979లో సైనికులు అక్రాలోని మకోలా మార్కెట్‌ను నేలమట్టం చేశారు. ఊరికి అన్నం పెట్టే చేతుల్ని కొట్టారు. ఇది నేను ఎంత ఆలోచించినా సమర్థించలేని పని.

1983 ఇంకా ఘోరం. వానలు లేవు. అడవులంటుకుని కోకో తోటలు, అరటి తోటలు కాలిపోయాయి. అదే ఏడు నైజీరియా సుమారు పది లక్షల మంది ఘనావాళ్లను వెళ్లగొట్టింది. ఖాళీ గాదెల ముందుకు అంతమంది తిరిగొచ్చారు. తిండి లేక తేలిన మెడ ఎముకలకు, అప్పటి పాలకుడి పేరు మీద, జనం 'రాలింగ్స్ చైన్' అని పేరు పెట్టారు. నేను బొబ్బర్లు కొనే ఆంటీకి ఆ ఏడు బాగా గుర్తు. ఇప్పటికీ గారీ ఇంకో పిడికెడు వేయకుండా పళ్లెం చేతికివ్వదు.

మీరు వండుకోవాలంటే కష్టం లేదు. రాత్రి నానిన బొబ్బర్లను చితికేంత మెత్తగా ఉడికించండి. నూనెలో ఉల్లి చీలికలు ఎర్రగా వేగాక అల్లం, పచ్చిమిర్చి, రుబ్బిన టమాటా వేసి నూనె తేలే దాకా మగ్గనివ్వండి. ఎండురొయ్యల పొడి వేస్తే అసలు రుచి, శాకాహారులు మానేయొచ్చు. బొబ్బర్లు కలిపి, గరిటెతో కొన్నిటిని మెదిపితే ఇగురు చిక్కబడుతుంది. అరటి తొక్క మీద నల్లమచ్చలు రావాలి, పచ్చికాయ పనికిరాదు. ముక్కలకు ఉప్పు, అల్లం, మిరప నూరి పట్టించి వేయిస్తే కెలెవెలె అంటారు. రాత్రిపూట వీధుల్లో వేరుశనగ పప్పులతో కలిపి అమ్ముతారు. మా ఇంట్లో బొబ్బర్ల ఇగురు పక్కన కూడా అలా కారం పట్టించినవే పెడతాను, తీపి కాస్త అణుగుతుంది. మన దగ్గర ఎర్ర పామాయిల్ దొరక్కపోతే వేరుశనగ నూనె వాడండి. రంగు తగ్గుతుంది, కడుపు మాత్రం అలాగే నిండుతుంది.