రేకు పెట్టెలో ఆర్డరు కాగితం, అమ్మ పేరు లేని భూమి

పోస్టు కొంచెం పెద్దది, ఓపిగ్గా చదవండి.

మా అమ్మమ్మ ఇంట్లో ఒక రేకు పెట్టె ఉంది. అందులో తాత పేరు మీద వచ్చిన భూమి కేసు ఆర్డరు కాగితం దాచింది. తాత వాళ్ల నాన్న ఉప్పుకీ బట్టకీ షావుకారు దగ్గర అప్పు చేశాడంట. వడ్డీ పెరిగి మూడెకరాలూ షావుకారు చేతికి పోయాయి. తాత ఆ భూమిని మళ్లీ తెచ్చుకున్నాడు. ఎలాగో తెలియాలంటే మన చట్టాల చరిత్ర తెలియాలి.

మద్రాసు ప్రెసిడెన్సీ రోజుల్లో, 1917లోనే ఏజెన్సీ భూ బదలాయింపు చట్టం వచ్చింది. కొండజాతుల భూమి అధికారి అనుమతి లేకుండా బయటివాళ్లకు పోతే చెల్లదు. కానీ చదువు రాని మనవాళ్లలో ఎంతమందికి ఆ సంగతి తెలుసు? భూములు పోతూనే ఉన్నాయి. తర్వాత 1959లో 1/59 రెగ్యులేషన్ వచ్చింది, 1963లో తెలంగాణ ఏజెన్సీకీ వర్తించింది. 1970 ఫిబ్రవరి 3 నుంచి 1/70 అమల్లోకి వచ్చి, గిరిజనేతరుల మధ్య అమ్మకాలను కూడా ఆపేసింది. ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచి వచ్చిందనే లెక్క. కాదని రుజువు చేయాల్సింది అతనే. 1988లో సుప్రీంకోర్టు కూడా దీన్ని సమర్థించింది.

తాత గెలిచింది ఈ చట్టంతోనే. ప్రతి వాయిదాకీ అమ్మమ్మ కూడా సొరబుర్రలో జావ పోసుకుని, తెల్లారకముందే ఆయనతో నడిచింది. ఆర్డరులో మాత్రం తాత పేరొక్కటే ఉంది.

ఇక ఇప్పటి సంగతి. తాత పోయాక పాస్‌బుక్ మావయ్య పేరు మీదకు మారింది. నాన్న చనిపోయాక అమ్మ నన్నూ తమ్ముణ్ణీ తీసుకుని పుట్టింటికి వచ్చేసింది. ఆ జీడిమామిడి తోటలో కలుపు తీసేదీ, గింజలు ఏరేదీ అమ్మే. మొన్న సర్వేకి వచ్చినవాళ్లు వారసులెవరని అడిగి మావయ్య పేరు, ఆయన కొడుకుల పేర్లు రాసుకున్నారు. అమ్మ పక్కనే నిలబడి ఉంది. ఆమెను ఎవరూ అడగలేదు.

ఆడపిల్లలకు సమాన వాటా ఉంది కదా అని హాస్టల్లో ఫ్రెండ్స్ అన్నారు. మన రాష్ట్రం 1986లో, కేంద్రం 2005లో ఇచ్చిన ఆ హక్కులు 1956 హిందూ వారసత్వ చట్టానికి సవరణలు. కేంద్రం నోటిఫై చేస్తే తప్ప ఆ చట్టం షెడ్యూల్డ్ తెగలకు వర్తించదని సెక్షన్ 2(2)లోనే ఉంది. మనకు ఆచారమే చట్టం. మా ఊళ్లో ఆచారం అంటే పెద్దమనుషులు ఆ రోజు చెప్పిన మాట.

కోర్టులు మెల్లగా కదులుతున్నాయి. 2022లో సుప్రీంకోర్టు ఈ మినహాయింపు గురించి ఆలోచించమని కేంద్రానికి చెప్పింది. 2025 జూలై 17న, ఛత్తీస్‌గఢ్‌లోని ఒక గోండు కుటుంబం కేసులో, ఆడవాళ్లకు వాటా లేదనే ఆచారం ఉందని ముందే అనుకోకూడదు, ఉందనేవాళ్లే రుజువు చేయాలి అంది. అమ్మ తరఫు తాత ఆస్తిలో కూతురి వారసులకు వాటా ఇచ్చింది. అచ్చం మా ఇంటి కథే అనిపించింది.

కూతుళ్లకు వాటా ఇస్తే గిరిజనేతర అల్లుళ్ల ద్వారా భూమి పోతుందని పెద్దలు అంటారు. ఆ భయం ఉత్తది కాదు, బినామీలు మనమూ చూశాం. కానీ గిరిజన కూతురి భూమికీ 1/70 కాపలా ఉంటుంది. తెల్ల కాగితాల మీద రాసిచ్చి భూములు పోగొట్టుకున్న వాళ్లలో మగవాళ్లు లేరా? 2006 అటవీ హక్కుల చట్టం పోడు పట్టాను భార్యాభర్తలిద్దరి పేరున ఇమ్మంటుంది. అడవి భూమికి పనికొచ్చిన ఆడమనిషి పేరు మెరక భూమికి ఎందుకు పనికిరాదు?

ఇదంతా అమ్మకు చెప్పాను. "అన్న మీద కేసెయ్యనా? మీ నాన్న పోయిన రోజు మనకు తలుపు తీసింది ఆయనే కదే" అంది. నిజమే, మావయ్య చెడ్డోడు కాదు. రేపు ఆయన తర్వాత కొడుకులు అలాగే ఉంటారని మాత్రం ఎవరు చెప్పగలరు?

అందుకే కోర్టుకి కాదు, సంక్రాంతి సెలవుల్లో ముందు మావయ్య దగ్గరికి, తర్వాత గ్రామసభకి వెళ్తాను. అమ్మ పేరు కూడా రాయమని అడుగుతాను. ఆ రేకు పెట్టెలోని కాగితం పట్టుకుని వెళ్తాను, అమ్మమ్మనీ పక్కన కూర్చోబెడతాను.

మీ తెగలో కూతుళ్లకు వాటా ఎలా ఉంది? మీ ఊళ్లో అమ్మమ్మల్ని, నానమ్మల్ని అడిగి రాయండి. మన ఆచారం ఏంటో మనమే రాసుకుందాం.