ఫ్రీ సినిమా వెనుక ఏముంది? పైరసీ సైట్లు నడిచే తీరు, ఫోన్‌కు ముప్పు

కొత్త సినిమా విడుదలైన రోజు సాయంత్రానికే దాని లింకు వాట్సాప్ గ్రూపుల్లోకి వచ్చేస్తోంది. టికెట్ లేదు, సబ్‌స్క్రిప్షన్ లేదు. మరి సైటు నడిపేవాళ్లకు డబ్బు ఎక్కడి నుంచి వస్తుంది?

సినిమా ఎలా బయటికొస్తుంది?
థియేటర్‌లో కెమెరాతో దొంగచాటుగా తీయడం ఒక దారి. ఓటీటీలో వచ్చిన సినిమాను కాపీ కొట్టడం రెండోది. ఎడిటింగ్ దశలోనే లీక్ కావడం మూడోది. 2013లో ‘అత్తారింటికి దారేది’ సినిమాలో చాలా భాగం రిలీజ్‌కు ముందే బయటికి రావడంతో, నిర్మాత హడావుడిగా సెప్టెంబర్ 27న విడుదల చేయాల్సి వచ్చింది.

బ్లాక్ చేసినా ఎందుకు ఆగవు?
సర్వర్లు విదేశాల్లో ఉంటాయి. ఒక అడ్రస్ మూసేస్తే, పేరు చివర చిన్న మార్పుతో ఇంకొకటి తెరుస్తారు. అందుకే ఇలాంటి నకలు సైట్లను కూడా, మళ్లీ కొత్త కేసు వేయకుండానే, బ్లాక్ చేసేలా ఢిల్లీ హైకోర్టు 2019లో తీర్పు ఇచ్చింది.

డబ్బు ఎలా వస్తుంది?
ప్రకటనల నుంచి. ‘ప్లే’ నొక్కగానే వేరే పేజీ తెరుచుకునేది అందుకే. వాటిలో బెట్టింగ్ యాప్‌ల ప్రకటనలు ఎక్కువ. 2025 నవంబర్‌లో ‘ఐబొమ్మ’ కేసులో నిందితుడిని అరెస్టు చేసిన హైదరాబాద్ పోలీసులు, దాదాపు 50 లక్షల మంది యూజర్ల డేటా అతని దగ్గర ఉందని చెప్పారు.

ఇంటికి ముప్పు ఏమిటి?
సినిమా చూడాలంటే ఏపీకే ఫైల్ వేసుకోమని కొన్ని పేజీలు అడుగుతాయి. దానికి ఎస్సెమ్మెస్ పర్మిషన్ ఇస్తే బ్యాంకు ఓటీపీలు అవతలివాళ్లకు కనిపిస్తాయి. పిల్లలు అమ్మీ, అబ్బా ఫోన్లలోనే సినిమాలు చూస్తారు. అదే ఫోన్‌లో యూపీఐ ఉంటుంది. పోయేది ఇంటి ఖర్చు డబ్బే.

చట్టం ఏమంటోంది?
2023లో సవరించిన సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం సినిమాను అక్రమంగా రికార్డ్ చేసినా, ప్రసారం చేసినా 3 నెలల నుంచి 3 ఏళ్ల దాకా జైలు. జరిమానా కనీసం రూ.3 లక్షలు, సినిమా నిర్మాణ వ్యయంలో 5 శాతం వరకూ వేయొచ్చు.

ఏం చేయాలి?
తెలియని ఏపీకే ఫైళ్లు వేసుకోవద్దు. ఇప్పటికే వేసుకుని ఉంటే ముందు ఇంటర్నెట్ ఆపి, ఆ యాప్ తీసేయండి. బ్యాంకు పాస్‌వర్డ్‌లు, యూపీఐ పిన్ వేరే ఫోన్ నుంచి మార్చండి. డబ్బు పోతే ఆలస్యం చేయకుండా 1930కి కాల్ చేయండి, బ్యాంకుకూ చెప్పండి. ఎంత త్వరగా చెబితే, ఆ డబ్బు చేతులు మారకముందే ఆపే అవకాశం అంత ఎక్కువ. అబ్బా తిడతారని పిల్లలు దాచిపెట్టకుండా, ఈ మాట వాళ్లకు ముందే చెప్పి ఉంచండి.