ప్రభుత్వవాణికి పగటివేషం

ప్రచారాన్ని పరిహసించే హాస్యం టెలివిజను తెచ్చిన కొత్త విద్య అని కొందరి అభిప్రాయం. అధికారి వేషం కట్టి, అధికారి ఎదుటనే ఆడి మెప్పించిన పగటివేషగాళ్ళ నేల మనది. ఆ విద్య తెరకెక్కిన తీరు మాత్రం చెప్పుకోదగినది.

మా భీమ్‌గల్ ప్రాంతానికి ప్రభుత్వవాణి మొదట డప్పు చాటింపుగా, పిదప రేడియోగా వచ్చింది. 1948లో దక్కన్ రేడియో నిజాం ప్రభుత్వానికి ప్రచారవాణి. సెప్టెంబరు 17న పోరు విరమణ వార్త వెలువడినదీ రేడియోలోనే. 1975 జూన్ 26 ఉదయం అత్యవసర పరిస్థితి వార్తను ఇందిరాగాంధీ ఆకాశవాణిలో వినిపించారు. 1977 ఫిబ్రవరి 6న ఢిల్లీలో జయప్రకాశ్ నారాయణ్ సభ జరుగుతుండగా, జనాన్ని ఇంటిపట్టున నిలపడానికి దూరదర్శన్ ‘బాబీ’ చిత్రం వేసిందని ప్రతీతి. అయినా జనం సభకే తరలివచ్చారు. ఆ ఏడాది అక్టోబరు 23న హైదరాబాదు దూరదర్శన్ కేంద్రం ప్రారంభమయింది.

ఇటువంటి వాణిని వెక్కిరించడానికి రెండు మార్గాలున్నాయి. స్వరం యథాతథంగా ఉంచి విషయాన్ని మార్చడం ఒకటి. 1989లో ‘ఫ్లాప్ షో’లో జస్పాల్ భట్టి చేసినది ఇంచుమించు అదే. ముఖాన గాంభీర్యం చెదరనీయకుండా, ప్రభుత్వ దూరదర్శన్‌లోనే ప్రభుత్వ యంత్రాంగాన్ని నవ్వులపాలు చేశాడు. విషయాన్ని ఉంచి స్వరాన్ని మార్చడం రెండవది. 2012లో మొదలైన వీ6 ఛానెల్ ‘తీన్మార్ వార్తలు’ పట్టిన దారి ఇది. వార్త వార్తగానే ఉంటుంది. చదివే భాష మాత్రం ఊరి రచ్చకట్టది. అందులో సావిత్రిగా పేరుపొందిన శివజ్యోతి మన నిజామాబాదు జిల్లా ఆడపడుచే. అమాయకపు ప్రశ్నలతో బిత్తిరి సత్తి పెద్దల మాటల్లోని డొల్లతనాన్ని బయటపెట్టేవాడు.

సినిమాల్లో తెలంగాణ పలుకుబడి చాలాకాలం హాస్యగాడికో, దుష్టపాత్రకో దక్కేది. దానిని విని నవ్వేవారు. ఇక్కడ ఆ పలుకుబడే నవ్వే స్థానంలో కూర్చుంది. నవ్వులపాలైనది గంభీరమైన శిష్టభాష. జీవితమంతా ఆ శిష్టభాషనే బోధించిన నాకు ఇది కొంత గుచ్చుకున్న మాట వాస్తవం. కాని భాషకు గౌరవం వ్యాకరణం వల్ల రావలె గాని, ప్రభువుల నోట పలికినందువల్ల కాదు. చాటింపులకు అరువిచ్చిన గాంభీర్యాన్ని ఈ నవ్వు తిరిగి లాక్కున్నది. మంచిదే.

అయితే ఒక హెచ్చరిక. పగటివేషగాడు తనది వేషమని దాచడు. ప్రచారవాణి దాచుతుంది. నవ్వించేవాడు ఒకరిని మాత్రమే వెక్కిరించి, మరొకరిని పొగడటం మొదలుపెట్టిన నాడు అతని చేతిలోనిది మళ్ళీ ఆ చాటింపు డప్పే. మీరేమంటారు?